రెండు నడుముల పోగు

రాజరాజేశ్వరికి కోపం ముక్కుమీదే ఉంటుందన్న సంగతి ఆసుపత్రిలో స్వీపరు దగ్గర్నుంచి డాక్టరు దాకా అందరికీ తెలుసు. పొదిలికీ దర్శికీ మధ్య రోడ్డు పక్కనున్న ముప్పై పడకల ప్రభుత్వాసుపత్రి అది. అందులో ఆవిడ ఇరవై రెండేళ్ళుగా లాబ్ టెక్నీషియన్. స్లైడు ఆరకముందే రిపోర్టు అయిందా అని కిటికీలోంచి తొంగిచూసినవాణ్ణి తిట్టిన తిట్టు తిట్టకుండా తిట్టేది. అయినా సూది ఆవిడే గుచ్చాలని జనం పట్టుబట్టేవాళ్ళు, చెయ్యి తేలికని. ఆ కోపాలన్నీ పూటలో చల్లారిపోయేవి. తొంభై తొమ్మిదో సంవత్సరం మే నెలలో పట్టుకున్న కోపం మాత్రం వానలు పడ్డాక కూడా దిగలేదు.

కోటేష్ మీద కాదు ఆ కోపం. వాడు పాపం నోట్లో నాలుక లేని మనిషి. పక్కూరి రైతు యలమందయ్య పెద్దకొడుకు, ఇరవై ఎనిమిదేళ్ళుంటాయి. మే మొదటివారంలో ఒక పొద్దున కుడిచెయ్యి తుండుగుడ్డలో చుట్టుకుని వచ్చాడు. గుడ్డ విప్పితే మూడు వేళ్ళు ఉబ్బి, తోలు పొరలుగా ఊడి, లోపల ఎర్రగా ఉంది. పదిహేను రోజుల్నుంచీ అన్నం ఎడంచేత్తో కలుపుకుంటున్నాడట. ఊళ్ళో ఆర్ఎంపీ మిరపకాయల మంట అన్నాడు. ఒంగోల్లో ఒకాయన పురుగుమందు పడకపోవడం వల్ల అన్నాడు. ఈ ఏడాది తను కల్లంలో అడుగే పెట్టలేదనీ, మందు కొట్టిందీ లేదనీ కోటేష్ ఎంత చెప్పినా ఇద్దరూ ఆయింట్‌మెంటే రాశారు. ఈ జిల్లాల్లో చెయ్యి మండితే మిరపకాయే, తల తిరిగితే పురుగుమందే. ఇంకో కారణం ఉండొచ్చని ఎవడూ ఆలోచించడు.

రాజరాజేశ్వరి మామూలుగా రక్తం తీసి తెల్లకణాలు లెక్కపెట్టింది. పద్దెనిమిది వందలొచ్చాయి. నాలుగు వేలకి తగ్గకూడని లెక్క. తన కళ్ళు తప్పాయేమోనని మూడుసార్లు లెక్కపెట్టింది. మూడుసార్లూ అంతే. కాగితం పట్టుకుని నేరుగా డాక్టరు అనంతపద్మనాభం గారి గదిలోకి వెళ్ళింది. రిటైర్మెంటు దగ్గరపడ్డ మనిషి, గట్టిగా మాట్లాడడం తెలియదు. ఆయన కోటేష్‌ని కూర్చోబెట్టి ఎక్కడ పనిచేస్తావురా అని అడిగాడు.

దాచేపల్లి అవతల, సున్నపురాయి క్వారీల మధ్య ఒక సిమెంటు ఫ్యాక్టరీ. కాంట్రాక్టరు కింద పని. పొడి నింపే పెద్ద తొట్టి మాటిమాటికీ పూడుకుపోతుంటే చెయ్యి లోపలికి పెట్టి గడ్డలు లాగడం వాడి వంతు. ఏప్రిల్లో ఎనిమిది రోజులు వరసగా, రోజుకి రెండేసి గంటలు ఆ పని చేశాడు. ఆ తొట్టి గోడకి పసుపు రంగు పెట్టె ఒకటి బిగించి ఉంటుందని, దాని మీద బొమ్మ ఉంటుందని చెప్పాడు. ఏం బొమ్మ అని డాక్టరు గారు అడిగితే, ఫ్యాను బొమ్మ అన్నాడు. ఆయన మందుచీటీ వెనక మూడు రెక్కలు గీసి చూపించాడు.

"అదే సార్. మూడు రెక్కల ఫ్యాను. మద్దేనం అన్నాలప్పుడు అందరం దాని కిందే కూర్చుంటాం. అక్కడ సల్లగా ఉంటదని ఫ్యాను గుర్తు ఏశారు."

డాక్టరు గారు కలం కింద పెట్టేశాడు. అది రేడియేషన్ హెచ్చరిక గుర్తని రాజరాజేశ్వరికి చెప్పాడు. తొట్టిలో సరుకు ఎంతవరకు నిండిందో బయట్నుంచే కనిపెట్టడానికి ఆ పెట్టెలో రేడియేషన్ వదిలే పదార్థం పెడతారు. మనిషి చెయ్యి పెట్టేముందు పెట్టె మూత మూసి తాళం వెయ్యాలి. కోటేష్‌ని అడిగితే, మూత తుప్పుపట్టి ఎప్పుడో బిగుసుకుపోయిందండీ, నేను చేరినప్పట్నుంచీ అంతే అన్నాడు. ఫ్యాను గుర్తట. ఎండ నలభై నాలుగు డిగ్రీలున్న చోట మూడు రెక్కల బొమ్మ వేసి, దాని కింద ఒక్క తెలుగు ముక్క రాయని పెద్దమనుషుల్ని ఆవిడ మనసులో ఏడుతరాల దాకా తిట్టుకుంది.

అంతటితో అయిపోతే అదొక బాధ. వేళ్ళు అట్లా అయ్యాక కాంట్రాక్టరు కోటేష్‌కి అంటురోగం అని చెప్పి ఇంటికి పంపేశాడు. ఆ ఖాళీలో వాడి తమ్ముణ్ణే పెట్టుకున్నాడు, చైతన్యకృష్ణని. ఇరవై రెండేళ్ళ కుర్రాడు. అన్న కూర్చున్న చోటే కూర్చుని అన్నం తింటున్నాడు. వచ్చేయరా అని కోటేష్ రెండుసార్లు కబురుపెట్టాడు. అన్న పని పోయిన ఉక్రోషంతో అంటున్నాడని వాడు నవ్వేశాడు.

"నా ఏళ్ళు పోతే పోనీండి మేడంగారూ. మావోణ్ణి అక్కణ్ణుంచి బయటికి లాగండి," అన్నాడు కోటేష్. ఆ మాటే ఆవిడ మెడకి చుట్టుకుంది.

డాక్టరు గారు ఫ్యాక్టరీకి ఫోను చేశాడు. సేఫ్టీ ఆఫీసరు రామకాంత్ అని ఒకాయన మర్యాదగానే మాట్లాడాడు. తమ స్టాఫందరికీ రేడియేషన్ కొలిచే బ్యాడ్జీలున్నాయనీ, మూణ్ణెల్లకోసారి పరీక్షకి పంపుతామనీ, ఇప్పటిదాకా అన్నీ సున్నాలేననీ చెప్పాడు. కోటేష్‌కి బ్యాడ్జీ ఏది? కాంట్రాక్టు మనుషులకి ఇవ్వరు. మరి స్టాఫు పెట్టుకుంటారా? పోగొట్టుకోకుండా ఆఫీసులో బోర్డుకి మేకులు కొట్టి వరసగా తగిలించి ఉంచుతారట. ఆ బోర్డుకి రేడియేషన్ తగల్లేదని మూణ్ణెల్లకోసారి రుజువు చేస్తున్నారన్నమాట అంది రాజరాజేశ్వరి, ఫోను పెట్టేశాక. డాక్టరు గారు పై అధికారులకి రాసిన ఉత్తరానికి తగిన ఆధారాలు జతపరచవలెనని రెండు ముక్కల జవాబొచ్చింది. అంతదాకా ఫ్యాక్టరీలో ఆ తొట్టి లైను ఆపరు, పెట్టె విప్పరు.

ఆధారం ఎక్కడుందో కనుక్కున్నది డాక్టరు గారే. మద్రాసులో రక్తం చూసి ఒంటికి ఎంత రేడియేషన్ తగిలిందో చెప్పే లాబ్ ఉందని పాత స్నేహితుల ద్వారా తెలుసుకున్నాడు. అక్కడ పనిచేసే డాక్టరు అమూల్య తెలుగావిడే. రాజరాజేశ్వరి ఎస్టీడీ బూత్‌లో చెమటలు కక్కుకుంటూ ఆవిడ చెప్పిందంతా విన్నది. తెల్లకణంలో క్రోమోజోములని నలభై ఆరు పోగులుంటాయి. ఒక్కో పోగుకి ఒకటే నడుము. రేడియేషన్ తగిలితే పోగులు తెగుతాయి, తెగినవి మళ్ళీ అతుక్కోబోతాయి, ఆ తొందరలో ఒకదాని ముక్క ఇంకోదానికి అతుక్కుని రెండు నడుములున్న పోగు తయారవుతుంది. మామూలు మనిషిలో వెయ్యి కణాలు వెతికినా అలాంటిది ఒకటి దొరకడం గగనం. ఎన్ని దొరికితే అంత మోతాదు. ఒళ్ళే బ్యాడ్జీ అనుకోండి, దాన్ని మేకుకి తగిలించడం కుదరదు అంది అమూల్య. అయితే రోజులు గడిచేకొద్దీ ఆ కణాలు చచ్చిపోతుంటాయి, లెక్క తగ్గిపోతుంది, అందుకని త్వరగా పంపమంది. రక్తం రెండు రోజుల్లో చేరాలి. కణాలు బతికుండాలి. రూమ్ టెంపరేచర్‌లో పంపాలి.

ఆ చివరి మాటే కొంప ముంచింది. రాజరాజేశ్వరి పచ్చమూత ట్యూబులో రక్తం తీసి, దూది చుట్టి, డబ్బాలో పెట్టి, పైన రూమ్ టెంపరేచర్ అని పెద్ద అక్షరాలతో రాసి కొరియర్‌లో పంపింది. వారానికి ఉత్తరం వచ్చింది. కణాలన్నీ చచ్చిపోయాయి, శాంపిల్ ఎండకి ఉడికిపోయింది, దయచేసి రూమ్ టెంపరేచర్‌లో పంపండి. ఆవిడకి అరికాలి మంట నెత్తికెక్కింది. గదిలో ఉంచినట్టే పంపింది కదా. గోడకున్న థర్మామీటరు వంక చూస్తే నలభై రెండు చూపిస్తోంది. అప్పుడు వెలిగింది ఆవిడకి. వాళ్ళ రూము వేరు, మన రూము వేరు. ఏసీ వేసుకుని కూర్చున్నవాళ్ళకి గదంటే ఇరవై రెండు డిగ్రీలు. ఆ అంకె ఒక్కటి ముందే చెప్పి ఉంటే సరిపోయేది.

రెండోసారి ఇరవై రెండు డిగ్రీలు అని రాసి, టీకాల వ్యానులో ఒంగోలు కొరియర్ ఆఫీసుకి పంపింది. వ్యాను డ్రైవరు సిలార్ నమ్మకమైన మనిషి. నమ్మకం ఎక్కువైతే ఏమవుతుందో అప్పుడే తెలిసింది. ఇంతెండలో రక్తం పాడైపోతుందని జాలిపడి, ఆ డబ్బాని పోలియో చుక్కల మధ్య, ఐసుగడ్డల కింద దోపాడు. ఏళ్ళతరబడి టీకాలతో ఊరూరా తిరిగే ఆయనకి, చల్లదనం పోకూడదని పాఠం చెప్పింది ఈ ఆసుపత్రివాళ్ళే. మద్రాసు చేరేసరికి రక్తం గడ్డకట్టి కణాలు పగిలిపోయాయి. సిలార్ వచ్చి, బాగా చల్లగా చేర్పించానండీ మేడంగారూ అని సంతోషంగా చెప్తుంటే ఆవిడకి ఏడవాలో నవ్వాలో తెలియలేదు.  ఇరవై మూడు రోజులు పోయాయి. కోటేష్ చూపుడువేలు కొస నల్లబడింది. చైతన్యకృష్ణ ఆ పెట్టె కింద ఇరవై మూడు రోజుల అన్నాలు తిన్నాడు.

మూడోసారి తనే పట్టుకెళ్తానంది. ఈలోగా ఫ్యాక్టరీ నుంచి ఇంకో పేచీ వచ్చింది. ఈ ప్రాంతంలో పత్తికీ మిరపకీ మందులు కొట్టేవాళ్ళ రక్తం ఎవరిది తీసినా పాడయ్యే ఉంటుందని రామకాంత్ డాక్టరు గారికి ఉత్తరం రాశాడు. పురుగుమందుతో రెండు నడుముల పోగులు రావని అమూల్య ఫోనులో ఎంత వివరంగా చెప్పినా, ఆ మాట కాగితం మీద పెట్టి పంపినా, ఫ్యాక్టరీవాళ్ళు ఒప్పుకోలేదు. చివరికి అమూల్యే దారి చెప్పింది. అదే ప్రాంతంలో అవే మందులు కొట్టే మనిషిని ఒకర్ని ఫ్యాక్టరీవాళ్ళనే చూపించమనండి, ఆ రక్తం కూడా తెండి, రెండూ పక్కపక్కన పెట్టి చూపిద్దాం, అప్పుడిక నోరెత్తరు.

రాజరాజేశ్వరి సెలవు పెట్టి దాచేపల్లి బస్సెక్కింది. ఫ్యాక్టరీకి చేరేసరికి మధ్యాహ్నం. తొట్టి దగ్గర ఎనిమిది మంది క్యారేజీలు విప్పుకుని కూర్చున్నారు. వాళ్ళ తలల మీదే పసుప్పచ్చ పెట్టె, దాని మీద మూడు రెక్కలు. కోటేష్ పోలికలున్న కుర్రాణ్ణి ఆవిడ వెంటనే గుర్తుపట్టింది. దగ్గరికెళ్ళి, లేవరా అక్కణ్ణుంచి అంది. నీడండీ ఇక్కడ, మీరూ కూర్చోండి అన్నాడు చైతన్యకృష్ణ, పక్కకి జరిగి చోటిస్తూ. ఆవిడ నెత్తీ నోరూ కొట్టుకుని చెప్పింది. వాడు ముద్ద నోట్లో పెట్టుకుని, ఆఫీసరుగారే ఏం లేదన్నారు కదండీ అన్నాడు. ఆఫీసరు మాట ముందు ఈవిడ మాట ఎంత? సూదులు గుచ్చే ఆవిడ.

రామకాంత్ గది ఆ తొట్టికి ఆనుకునే ఉంది. తొట్టికీ గదికీ మధ్య ఒక్కటే గోడ. దుమ్ము రాదని, మిగతా ఆఫీసుకంటే చల్లగా ఉంటుందని మూడేళ్ళుగా అక్కడే కూర్చుంటున్నానని ఆయనే చెప్పాడు. నలభై ఏళ్ళ మనిషి, శుభ్రమైన చొక్కా, నిమ్మకు నీరెత్తినట్టు మాట్లాడతాడు. పోల్చి చూడడానికి ఒక వర్కరు రక్తం ఇప్పించమంటే కుదరదన్నాడు. వర్కర్ల ఒంట్లోంచి రక్తం తీస్తున్నారని పుకారు పుడితే రేపు గేటు దగ్గర ధర్నా అవుతుందన్నాడు. అడిగినదానికల్లా ఇట్లాగే ఒక అడ్డు చెప్తుంటే ఆవిడకి ఒళ్ళు మండిపోయింది. ఇక మర్యాద కుదరదనుకుని, మరి మీ ఇష్టం వచ్చినవాళ్ళ రక్తమే ఇప్పించండి అని గొంతు పెంచింది. రామకాంత్ చిన్నగా నవ్వి చొక్కా చెయ్యి పైకి మడిచాడు.

"నాది తీసుకోండి మేడం. నేనూ రైతుబిడ్డనే. పిడుగురాళ్ళ దగ్గర నాలుగెకరాల పత్తి ఉంది. ఆదివారం ఆదివారం నేనే మందు కొడతాను. వాడి రక్తం, నా రక్తం పక్కపక్కన పెట్టి చూడమనండి. మందు వల్లో కాదో తేలిపోతుంది."

ఆవిడ అక్కడికక్కడే సూది గుచ్చి తీసుకుంది. ఎంత ధీమాగా ఇచ్చాడో, అంత ధీమాగా గేటు దాకా వచ్చి సాగనంపాడు కూడా.

ఎండనుంచీ ఐసునుంచీ ఆ ట్యూబుని కాపాడడానికి ఆవిడ ఎవరినీ అడగలేదు. ఇంట్లోంచి తెచ్చుకున్న మట్టికూజాలో ట్యూబు దించి, చుట్టూ తడిగోనె చుట్టింది. గాలి తగిలేకొద్దీ కూజా చల్లబడుతుంది, కానీ ఐసంత చల్లబడదు. మర్నాడు పొద్దున్నే కోటేష్ రక్తం తీసి అదే కూజాలో వేసి, ఒంగోల్లో పగటి రైలెక్కింది. గంటకోసారి గోనె తడిపింది. ఎదురు సీటాయన మంచినీళ్ళు కొంచెం పోస్తారా అంటే, ఇందులో నీళ్ళు లేవు, రక్తం ఉందని చెప్పింది. ఆయన మద్రాసు దాకా ఇంకేమీ అడగలేదు. అమూల్య లాబ్ గుమ్మంలోనే ట్యూబులు తీసుకుని థర్మామీటరు పెట్టి చూసి, ఇరవై నాలుగు, చాలా బాగుంది అంది. నెల రోజుల్లో ఆవిడ విన్న మొదటి మంచిమాట అది.

కణాల్ని పెంచి, ఒక్కొక్కటీ కళ్ళతో చూసి లెక్కపెట్టాలి. మూడు వారాలు పడుతుందన్నారు. ఈ మూడు వారాల్లో రాజరాజేశ్వరి తిట్టని మనిషి లేడు. కోటేష్ వారానికి రెండుసార్లు కట్టు మార్పించుకోడానికి వచ్చి, కాగితం వచ్చిందా అని అడక్కుండా ఆవిడ మొహంలోకి చూసి వెళ్ళిపోయేవాడు. ఆ చూపు కంటే అడిగినా బాగుండేది.

జులై మొదట్లో ఎస్టీడీ బూత్‌కి ఫ్యాక్స్ వచ్చింది. రెండు కాగితాలు. ఆవిడ అక్కడే నిలబడి రెండూ చదివింది. రెండోది మళ్ళీ చదివింది. తర్వాత అదే బూత్ నుంచి ఫ్యాక్టరీకి ఫోను చేసి, రామకాంత్ గారిని పిలిపించింది.

మొదట కోటేష్‌ది చెప్పింది. ఐదొందల కణాలు చూస్తే రెండు నడుముల పోగులు నలభై ఒకటి. ఇది పురుగుమందు వల్ల కాదు, మిరపకాయ వల్ల కాదు, రేడియేషనే అని లాబ్ సంతకం పెట్టి ముద్రవేసి ఇచ్చింది. లైను ఇప్పుడే ఆపండి, మనుషుల్ని లేపండి అని అడిగింది. అవతల కాగితం మీద కలం గీసుకుంటున్న చప్పుడు వినబడింది. రామకాంత్ ఎప్పటిలాగే చల్లగా చెప్పాడు. నోట్ చేసుకున్నానన్నాడు. కాపీ పంపితే హెడ్డాఫీసుకి పెడతానన్నాడు. వాళ్ళు కమిటీ వేస్తారు, కమిటీ వచ్చి చూస్తుంది, నెలో నెలన్నరో పడుతుంది, అంతదాకా లైను ఆపే అధికారం తనకి లేదన్నాడు. ఒక మనిషి మూడు వేళ్ళు, ఒంట్లో నెత్తురు సాక్ష్యం చెప్తే ఆయన దాన్ని నోట్ చేసుకున్నాడు. రాజరాజేశ్వరికి ఫోను గోడకేసి కొట్టాలనిపించింది.

అప్పుడు రెండో కాగితం చదివింది. ఇందాక చెప్పకుండా దాచిపెట్టాలని ఆవిడ అనుకోలేదు. వరసలో రెండోది, అంతే.

"మీది కూడా వచ్చింది రామకాంత్ గారూ. ఐదొందల కణాలకి పంతొమ్మిది."

అవతల కలం గీసుకుంటున్న చప్పుడు ఆగిపోయింది. బూత్‌లో మీటరు తిరుగుతోంది. తర్వాత ఆయన, పేరు సరిగ్గా చూడండి అన్నాడు. ఆవిడ ఇంటిపేరుతో సహా చదివింది, వయసు చదివింది. నేనెప్పుడూ ఆ పెట్టెని ముట్టుకోలేదండీ అన్నాడు. గొంతు మారిపోయింది.

"మీ కుర్చీ ఆ గోడకే ఆనుకుని ఉంది కదండీ," అంది రాజరాజేశ్వరి. రెండు నెలలుగా ఈ మనిషి ధీమా పోగొట్టాలని ఎంత కోరుకుందో, తీరా పోయేసరికి ఆవిడకి ఏ సంతోషమూ కలగలేదు.

మర్నాడు మధ్యాహ్నం చైతన్యకృష్ణ సంచితో సహా ఆసుపత్రికొచ్చాడు. అన్న కూడా వెంట ఉన్నాడు. ఆఫీసరుగారు నిన్న ఫోను పెట్టేసి చెప్పుల్లేకుండా పరిగెత్తుకొచ్చాడండీ అని మొదలుపెట్టి, తన కళ్ళతో చూసిందంతా చెప్పాడు. అన్నాలు తింటున్నవాళ్ళని రెక్కలు పట్టుకుని లాగేశాడట. మెయిన్ స్విచ్ తనే దించేశాడట. హెడ్డాఫీసుకి ఫోను కూడా చెయ్యలేదట. సాయంత్రానికల్లా తొట్టి చుట్టూ తాళ్ళు కట్టి, పెట్టె విప్పడానికి మనుషుల్ని పిలిపించారట. ఫోను పెట్టేసిన దగ్గర్నుంచి లైను ఆగేదాకా పావుగంట కూడా పట్టలేదని వాడు ఆశ్చర్యంగా చెప్తున్నాడు.

రాజరాజేశ్వరి వాణ్ణి స్టూలు మీద కూర్చోబెట్టి, చొక్కా చెయ్యి పైకి మడిచి, పచ్చమూత ట్యూబు తీసింది. రెండు నెలలపైన ఆ పెట్టె కింద కూర్చున్నాడు, వీడి లెక్కా తేలాలి. సూది గుచ్చింది. వాడు మొహం పక్కకి తిప్పుకున్నాడు. కోటేష్ తలుపు దగ్గర నిలబడి, ట్యూబులోకి ఎక్కుతున్న తమ్ముడి రక్తాన్నే చూస్తున్నాడు.

"ఆయనది పంతొమ్మిదేనా మేడంగారూ?"

అవునంది.

"నాది నలబై ఒకటి."

అవునంది.

"అట్టయితే మొదట్లోనే ఆయన నెత్తురు పంపాల్సిందండీ. మావోడు అప్పుడే వచ్చేసేవాడు."

ఆ గొంతులో ఎత్తిపొడుపు లేదు, కోపం లేదు. పని చేసే దారి ముందే తెలియక టైము దండగయిందని చెప్తున్నట్టే ఉంది.  రాజరాజేశ్వరి సూది తీసి, చైతన్యకృష్ణ మోచేతి మడతలో దూది పెట్టి, గట్టిగా నొక్కిపట్టుకోరా అంది.